డ్యూటీల పోలీసాయన పోతే ఇంటోళ్ళు ఏం చెయ్యాలె, ఏ కాగితం ఎప్పుడు తీస్కోవాలె (సిరోంచ, అహేరి దిక్కు మనోళ్ళ కోసం)

మహారాష్ట్ర గడ్చిరోలి జిల్లాల సిరోంచ, అంకిస, ఆసరెల్లి, అహేరి, ఆలపెల్లి దిక్కున ఇంట్ల తెలుగు మాట్లాడుకుంట ఆఫీసుల మరాఠీ కాగితాలు నింపే మనోళ్ళ కోసం ఇది రాస్తున్న. మా అన్న గడ్చిరోలి పోలీసుల కానిస్టేబుల్, పోలీసు పోస్టుకు పోతుంటే జీపు బోల్తాపడి పోయిండు. పిల్లలిద్దరు చిన్నోళ్ళు, వదినకు మరాఠీ చదవరాదు, ఆమెతోని తహసీల్ నుంచి జిల్లా దాకా తిరిగింది మరిదినైన నేనే. ఏ కాగితం ఎందుకు కావాల్నో ముందుగల్ల ఎవ్వరూ చెప్పలే, ఒక్కొక్కటి తప్పు పోయినంక తెలిసింది. ఇప్పుడు చుట్టుపక్కల ఏ ఇంట్ల ఇట్లాంటి కష్టం వచ్చినా ఎవరో ఒకరు నాకు ఫోన్ చేస్తరు, అందుకే అన్నీ ఒక్కచోట పెడుతున్న. ఏడుపుల ఉన్న ఆడామెకు ఇది చదివే ఓపిక ఉండదు, ఇంట్ల తమ్ముడో మరిదో చదివి పక్కనుండి చేయించండి.

ముందు: ఎట్ల పోయిండని కాగితం మీద పడ్డదో చూడండి

మిగతా అంతా దీని మీదనే నడుస్తది. నక్సల్ దాడిల, ఎన్‌కౌంటర్ల, మందుపాతరల పోతే ఒక దారి. డ్యూటీల యాక్సిడెంట్ అయితే ఇంకో దారి. డ్యూటీల ఉండంగ గుండెపోటు, మలేరియా, పాముకాటు అయితే మూడో దారి, ఇదే అన్నిటికన్నా కష్టం.

మన జిల్లాల మొదటి దారి అందరికి తెలుసు. 2009 అక్టోబర్‌ల లాహేరీ దగ్గర 17 మంది పోలీసోళ్ళు పోయిన్రు, 2019 మే 1న జాంభుర్‌ఖేడా దగ్గర మందుపాతరల 15 మంది జవాన్లు, వాళ్ళను తీస్కపోతున్న బండి డ్రైవర్ పోయిన్రు. ఇట్ల పోయినోళ్ళ ఇంటికి సర్కారే కదిలొస్తది, ఎస్పీ సాబ్ వస్తడు, మంత్రులొస్తరు, కాగితాలు తొందరగ నడుస్తయ్. ఆ డ్రైవర్ లెక్క పోలీసు కానోళ్ళకు మాత్రం లెక్క వేరే, అది సివిలియన్ స్కీమ్ కిందికి వస్తది, కేంద్రం వాటా 5 లక్షలు, అర్జ్ కలెక్టర్ ఆఫీసు నుంచి పోవాలె.

రెండో దారి, మూడో దారిల మాత్రం ఎవ్వరూ ఇంటికి రారు, మనమే తిరగాలె. ఆయన డ్యూటీల ఉన్నట్టు రుజువు మీ చేతిల లేకపోతే "సెలవుల ఉన్నడేమో, సొంత పని మీద పోయిండేమో" అన్న ఒక్క ప్రశ్నకు ఫైలు నెలలకు నెలలు ఆగుతది. మా అన్న విషయంల అట్లనే అయింది. ఆ రోజు డ్యూటీకి బయల్దేరినట్టు స్టేషన్ డైరీల ఎంట్రీ ఉంది, కాని ఫైలుల దాని కాపీ ఎవ్వరూ పెట్టలే. ఒక్క పేజీ. దాని కోసం ఐదు నెలలు పోయినయ్.

మొదటి పది దినాల్ల తీస్కోవాల్సినయ్

దినాలు కూడా కాలేదు ఇప్పుడే కాగితాలా అనిపిస్తది, నాకు తెలుసు. కాని ఈ పది దినాలల్ల అందరు మన దిక్కే చూస్తుంటరు, అడిగిన కాపీ అడిగినట్టు ఇస్తరు. నెల దాటితే అదే కాపీ కోసం బస్సెక్కాలె, సిరోంచ నుంచి గడ్చిరోలి రెండు వందల కిలోమీటర్ల పైనే, ఆలపెల్లి దాకా ఆ రోడ్డు ఎట్లుంటదో మీకు నేను చెప్పాల్సిన పని లేదు.

ఎఫ్ఐఆర్ కాపీ, ఘటన పంచనామా, ఇన్‌క్వెస్ట్ పంచనామా (శవాన్ని చూసి రాసేది), పోస్ట్‌మార్టం రిపోర్ట్, డ్యూటీ ఆర్డర్ కాపీ, స్టేషన్ డైరీ ఎంట్రీ. ఈ ఆరు ఠాణా సిక్కా, సంతకం ఉన్న కాపీలు తీస్కోండి. మామూలు ఎఫ్ఐఆర్ ఆన్‌లైన్‌ల దొరుకుతది గాని నక్సల్ కేసులయ్ సెన్సిటివ్ అని పెట్టకపోవచ్చు, ఠాణాల అడగండి. గుండెపోటో జ్వరమో అయితే వీటితోపాటు దవాఖాన కేస్ పేపర్ మొత్తం కావాలె, ఏ పోస్టుల ఎన్ని దినాల నుంచి ఉన్నడు, జ్వరం ఎప్పుడొచ్చింది, డ్యూటీ నుంచి నేరుగ తీస్కపోయిన్రా అన్నది అందుల కనపడాలె, ఎందుకంటే ఎక్స్‌ట్రాఆర్డినరీ పెన్షన్ (డ్యూటీ వల్ల పోయినోళ్ళ ఇంటికిచ్చే పెన్షన్) అడగాలంటే చావుకు డ్యూటీకి లింకు చూపియ్యాలె. భామ్రాగడ్, ఏటపల్లి పోస్టుల్ల మలేరియా వచ్చి పోయినాయన విషయంల ఈ లింకు రాసిపెట్టిన కాగితం ఉన్నదా లేదా అన్నదే అసలు ప్రశ్న.

పోస్ట్‌మార్టం రిపోర్ట్ చేతికి రాంగనే అక్కడ్నే నిలబడి పేరు, వయసు, తేదీ చదవండి. మా అన్నదాంట్ల నాయిన పేరు తప్పు పడ్డది, మేము చూస్కోలే. తర్వాత దాన్ని సరిచేయించడానికి అదే దవాఖానకు మూడు సార్లు పోవాల్సి వచ్చింది, అప్పటికి ఆ డాక్టర్ బదిలీ అయిపోయిండు.

డెత్ సర్టిఫికెట్ విషయంల మనోళ్ళు చేసే పెద్ద తప్పు, సొంతూరి గ్రామపంచాయతీల అడుగుడు. చావు ఎక్కడ జరిగితే అక్కడ్నే రిజిస్టర్ అయితది. జంగల్ల పోతే ఆ హద్దుల పంచాయతీల, హెలికాప్టర్ల నాగపూర్ తీస్కపోయినంక దవాఖానల పానం పోతే నాగపూర్ల. 21 దినాల లోపు అయితే ఫీజు లేకుంట అయితది, నెల దాటితే పైవాళ్ళ పర్మిషన్, ఏడాది దాటితే మెజిస్ట్రేట్ ఆర్డర్ దాకా పోతది. కనీసం పది అసలు కాపీలు తీస్కోండి, జిరాక్సులు కాదు. బ్యాంకుకు ఒకటి, బీమాకు ఒకటి, ఏజీకి (పెన్షన్ ఫైలు చూసే అకౌంటెంట్ జనరల్ ఆఫీసు) ఒకటి, ఎక్కడికక్కడ అసలే అడుగుతరు.

పేర్లు కలపండి, ఇక్కడ్నే మనోళ్ళ ఫైళ్ళు ఆగుతయ్

ఇది మరాఠీ ఇండ్లల్ల అంత రాదు, మనకే వస్తది, అందుకే కొంచెం వివరంగ చెప్తున్న. మనం ఇంటిపేరు ముందు రాస్తం. ఇక్కడి కాగితాలల్ల సొంత పేరు, మధ్యల నాయిన పేరు, చివర ఇంటిపేరు. పెండ్లైన ఆడామెకు మధ్యల మొగుని పేరు వస్తది. ఇగ కోడలు చెన్నూరు నుంచో మహదేవ్‌పూర్ నుంచో ప్రాణహిత, గోదావరి అవతలి తెలంగాణ నుంచి వచ్చిందనుకోండి, ఆమె పదో తరగతి మెమో మీద పుట్టింటి పేరు, ఆధార్ తెలంగాణల తీసింది, అందుల తండ్రి పేరు, ఇక్కడ రేషన్ కార్డుల అత్తింటి పేరు, సర్వీస్ బుక్కుల ఆయన చేతితోని రాసిచ్చిన నామినీ పేరుల లక్ష్మి పోయి "లక్ష్మీబాయి" అయి ఉంటది. నాలుగు కాగితాలల్ల నలుగురు ఆడోళ్ళు కనపడ్తరు. ట్రెజరీల కూసున్నాయనకు ఆ నలుగురు ఒక్కరే అని తెల్వది, తెలిసినా రాతల లేకపోతే ఆయన సంతకం పెట్టడు.

చేసేది ఇట్ల. ముందుగల్ల ఎస్పీ ఆఫీసుల సర్వీస్ బుక్కుల, నామినేషన్ ఫారాలల్ల భార్య పేరు ఏ స్పెల్లింగుల ఉన్నదో చూసి ఫోటో తీస్కోండి. అదే పేరును లెక్కల పెట్టుకోని ఆధార్, ప్యాన్, బ్యాంకు పాస్‌బుక్ ఆ స్పెల్లింగుకు మార్పించండి, సర్వీస్ బుక్కు మార్పించుడు కన్నా ఆధార్ మార్పించుడు అల్కగ అయితది. ఆ నాలుగు పేర్లు ఒక్క మనిషివే అని అఫిడవిట్ చేయించండి. పెండ్లి సర్టిఫికెట్ లేకపోతే పెండ్లి ఎక్కడైందో అక్కడి రిజిస్ట్రార్ దగ్గర తీస్కోవాలె, తెలంగాణల అయితే అక్కడనే. ఆఫీసోళ్ళు ఇంకా గట్టిగ అడిగితే మహారాష్ట్ర గెజెట్‌ల పేరు మార్పు వేయించాలె, అది ఆన్‌లైన్‌ల అయితది, సేతు కేంద్రంల (మీసేవ లెక్క) చేస్తరు. తెలుగుల ఉన్న కాగితం ఏదైనా పెట్టాల్సి వస్తే మరాఠీ అనువాదం నోటరీతోని జోడించండి.

ఇప్పుడు మీ ఇంట్ల పోలీసుల ఉన్న మనిషి సల్లగ ఉన్నడా? అయితే ఇయ్యాలనే ఆయనకు చెప్పి నామినేషన్ ఫారం, సర్వీస్ బుక్కుల కుటుంబం పేర్లు చూపిచ్చుకోండి. పెండ్లికి ముందు రాసిన నామినేషన్ అట్లనే ఉండి పోయినయ్ చానా ఉంటయ్.

ఫోన్, సిమ్, ఏటీఎం

ఆయన సిమ్ బంద్ కానియ్యకండి, రీచార్జ్ చేస్తనే ఉండండి. ఆధార్, బ్యాంకు, పీఎఫ్ ఓటీపీలు అన్నీ దానికే వస్తయ్. కాని ఆయన ఏటీఎంతోని పైసలు తీయకండి, ఫోన్‌పే వాడకండి. దినాల ఖర్చుకని ఎవరో మంచికే తీసినా తర్వాత అన్నదమ్ముల మధ్య అదే గొడవ అయితది, బ్యాంకు కూడా తప్పు పడ్తది. తక్షణ ఖర్చుకు పోలీస్ వెల్ఫేర్ నుంచి సాయం ఇస్తరు, అది అడగండి, అడుగుడుల సిగ్గు ఏం లేదు.

ఏమేం వస్తయ్, ఎంత వస్తది

ఎస్పీ ఆఫీసుల వెల్ఫేర్ చూసేటాయనను, ఎస్టాబ్లిష్‌మెంట్ క్లర్కును ఒక్కటే అడగండి: "మా కేసుకు ఏ జీఆర్ వర్తిస్తది, దాని నంబర్, తేదీ రాసియ్యండి." జీఆర్ అంటే రాష్ట్ర సర్కారు జీవో. నోటి మాటల ఇరవై లక్షలు, కోటి అని ఎన్నో వింటరు, పేపర్ల మంత్రి చెప్పింది ఒకటి ఉంటది, చేతికి వచ్చేది జీఆర్ల ఉన్నదే.

నక్సల్ హింసల పోయిన పోలీసు కుటుంబానికి మహారాష్ట్రల ఉన్న పెద్ద ఆధారం, ఆయన రిటైర్ కావాల్సిన తేదీ దాకా పూర్తి జీతం, ఆ తర్వాత పెన్షన్. ఎక్స్‌గ్రేషియా దానికి వేరే. కేంద్రం ఎస్ఆర్ఈ స్కీమ్ (నక్సల్ జిల్లాల భద్రత ఖర్చు రాష్ట్రాలకు తిరిగిచ్చేది) కింద భద్రతా సిబ్బంది చావుకు రాష్ట్రానికి తిరిగిచ్చే మొత్తం 20 లక్షలు, రాష్ట్రం తన వాటా కలుపుతది. మనోళ్ళ పిల్లలు సీఆర్పీఎఫ్‌ల ఉంటే అది కేంద్రం లెక్క: తీవ్రవాదుల మీద ఆపరేషన్ల పోతే 35 లక్షలు, డ్యూటీల యాక్సిడెంట్ అయితే 25 లక్షలు, అర్జ్ బెటాలియన్ నుంచి పోతది, జిల్లా ఎస్పీ దగ్గర తిరిగి లాభం లేదు. భారత్ కే వీర్‌ల జనం వేసే చందా కూడ సీఆర్పీఎఫ్ లాంటి కేంద్ర బలగాలోళ్ళ ఇండ్లకే.

ఇవి కాక ఎట్ల పోయినా వచ్చేటివి: డెత్ గ్రాట్యుటీ, మిగిలిన సెలవుల పైసలు, జీపీఎఫ్ (పాత పీఎఫ్) లేదా ఎన్పీఎస్ (కొత్త పెన్షన్ స్కీమ్), 1982 గట్ విమా (గ్రూపు బీమా), ఫ్యామిలీ పెన్షన్. యాక్సిడెంట్ అయితే సర్కారు ఉద్యోగుల సమూహ అపఘాత విమా (గ్రూపు యాక్సిడెంట్ బీమా) ఉంటది, ఏడాదికొకసారి జీతంల నుంచి చిన్న ప్రీమియం కోస్తరు, ఆయన పే స్లిప్పుల కోత కనపడుతుందేమో చూడండి.

బ్యాంకును మర్చిపోకండి, నేను మర్చిపోయిన. పోలీసోళ్ళ జీతం ఖాతా మీద చానా బ్యాంకుల్ల యాక్సిడెంట్ బీమా ఉచితంగ ఉంటది, ఎవ్వరూ వచ్చి చెప్పరు. పాస్‌బుక్కుల మే, జూన్ నెలలు చూడండి, 436 రూపాయలు కోసి ఉంటే జీవన్ జ్యోతి బీమా, 20 రూపాయలు కోసి ఉంటే సురక్ష బీమా, ఒక్కొక్క దాంట్ల 2 లక్షలు. సురక్ష యాక్సిడెంట్‌కే, హత్యకు కూడ వర్తిస్తది. నెల లోపల బ్యాంకుకు రాతపూర్వకంగ తెలియజేయండి. పత్‌సంస్థల (అప్పులిచ్చే సహకార సొసైటీ) లోన్ ఉంటే దాని మీద బీమా ఉన్నదా అని అడిగినంకనే కట్టుడు గురించి మాట్లాడండి, "వదినా ఇక్కడ ఒక సంతకం" అంటే పెట్టకండి.

రోడ్డు యాక్సిడెంట్ల ఇంకోటుంది. మోటార్ యాక్సిడెంట్ ట్రిబ్యునల్ల క్లెయిమ్ వేయాలె, ఆరు నెలల లోపు. సర్కారు ఎక్స్‌గ్రేషియా ఇచ్చింది కదా అని ఇది వదిలేస్తరు, రెండూ వేర్వేరు. గుద్దిన బండి దొరకకపోతే హిట్ అండ్ రన్ కింద 2 లక్షలు.

పెన్షన్ ఫైలు

ఫైలు ఎస్పీ ఆఫీసు నుంచి నాగపూర్ ఏజీ ఆఫీసుకు పోయి, అక్కడ పీపీఓ (పెన్షన్ ఆర్డర్) అయి, జిల్లా ట్రెజరీకి వస్తది. మీ పని ఫైలు ఎస్పీ ఆఫీసు నుంచి బయటికి పోయిందా లేదా చూస్కునుడు. జావక్ (ఫైలు బయటికి పోయిన) నంబర్, తేదీ రాస్కోండి. మీరిచ్చే ప్రతి అర్జ్‌కు పోచ్ (అందినట్టు రసీదు) తీస్కోండి, రెండో కాపీ మీద ఆవక్ (లోపలికి వచ్చినట్టు) సిక్కా పడకుండ ఆ టేబుల్ దగ్గర్నుంచి లేవకండి. మా వదిన కాగితాలన్నీ బట్టల దుకాణంల ఇచ్చిన సంచిల పెట్టి గోడకు తగిలేసేది, పోచ్ కాపీలు మాత్రం అత్తమ్మ బీరువల వేరే. ఒకసారి ఆఫీసుల "మీ అర్జే రాలేదు" అన్నప్పుడు ఆ పోచ్ ముందు పెట్టినం, అర్ధగంటల ఫైలు దొరికింది.

2005 నవంబర్ 1 తర్వాత చేరినాయన అయితే ఆయనది ఎన్పీఎస్. ఇంతకు ముందు వాళ్ళ ఇంటోళ్ళకు చానా అన్యాయం జరిగింది, 2023ల వచ్చిన జీఆర్‌తోని సర్వీసుల ఉండంగ పోయినోళ్ళ కుటుంబానికి ఫ్యామిలీ పెన్షన్, గ్రాట్యుటీ దొరుకుతున్నయ్. ఎన్పీఎస్ మొత్తం ఒక్కసారే తీస్కుంటరా, ఫ్యామిలీ పెన్షన్ తీస్కుంటరా అని ఆప్షన్ అడుగుతరు. నా మాటైతే చిన్న వయసు ఆడామె, పిల్లలున్నోళ్ళు పెన్షనే తీస్కోవాలె. పెద్ద మొత్తం చూసి మనసు లాగుతది, చుట్టాలు కూడ "పైసలు తీస్కో, ప్లాట్ కొందం" అంటరు. ఆ ఆప్షన్ ఫారం మీద సంతకం పెట్టే ముందు పదేండ్లల్ల పెన్షన్ ఎంతైతదో కాగితం మీద లెక్కేసి చూడండి.

అత్తమామలు, వాటాలు

ఇది నోటితోని మాట్లాడుకుంటే పోట్లాట అయితది, రాసుకుంటే కాదు. ఫ్యామిలీ పెన్షన్ రూల్ ప్రకారం భార్యది, దాంట్ల వాటా అడిగే మాటే లేదు. మిగతా ఆస్తికి హిందూ వారసత్వ చట్టంల భార్య, పిల్లలు, తల్లి సమానం, ఈ వరుసల తండ్రి రాడు. ఎక్స్‌గ్రేషియాల తల్లిదండ్రుల వాటా ఉన్నదా అన్నది జీఆర్ల చూడాలె. గోండు, మాడియా, కోయ ఇండ్లయితే ఆ హిందూ చట్టం వర్తించదు, వాళ్ళ ఆచారం ప్రకారం నడుస్తది, కాబట్టి వకీలును అడగకుండ ఏ పంపకం కాగితం మీద సంతకం పెట్టొద్దు. వారస్ దాఖలా (వారసుల సర్టిఫికెట్) తహసీల్‌ది చాలునా, కోర్టుదే కావాల్నా అన్నది ఆఫీసు ఆఫీసుకు మారుతది, ముందే అడిగి తెలుసుకోండి, నామినేషన్ సరిగ్గ ఉన్న చోట చానా వరకు కోర్టు దాకా పోవాల్సిన పని పడదు.

ముసలోళ్ళను వదిలెయ్యమని నేను చెప్పను. మా వదిన అత్తమ్మ పేరు మీద పోస్టాఫీసుల నెలనెలా వడ్డీ వచ్చేటట్టు కొంత వేసింది, ఆ రోజు నుంచి ఇంట్ల ఒక్క మాట కూడ పెరగలే.

ఉద్యోగం

అనుకంపా (పోయినాయన జాగల ఇంటోళ్ళకిచ్చే ఉద్యోగం) అర్జ్ ఏడాది లోపల పెట్టండి, ఉద్యోగం ఇప్పుడు వద్దనిపించినా సరే పెట్టి ఉంచండి. వదిన చేస్తదా, కొడుకు పెద్దగైనంక చేస్తడా అన్నది ఇంట్ల తేల్చుకోండి, ఎందుకంటే ఒక్కరికే వస్తది, మిగతా వారసుల ఒప్పుకోలు రాసియ్యాలె. 2001 డిసెంబర్ 31 తర్వాత మూడో బిడ్డ పుట్టి ఉంటే మహారాష్ట్రల అనుకంపా రాదన్న రూల్ ఉంది, ఇది చివర్ల తెలిసి కూలబడ్డోళ్ళను చూసిన, ముందే తెలుసుకోండి. మరాఠీ రాదని భయపడకండి, మా వదిన ఇప్పుడు మరాఠీల అర్జ్ సొంతంగ రాస్తది.

పిల్లల చదువు

నక్సల్, టెర్రర్ దాడుల్ల పోయిన రాష్ట్ర పోలీసుల పిల్లలకు 2019 నుంచి ప్రధానమంత్రి స్కాలర్‌షిప్ ఉంది, ఆడపిల్లకు నెలకు 3000, మగపిల్లగానికి 2500, ఏడాదికి దేశం మొత్తం మీద 500 మందికి. ఇంజనీరింగ్, మెడికల్ లాంటి ప్రొఫెషనల్ కోర్సులకు, పన్నెండుల 60 శాతం రావాలె, అర్జ్ నేషనల్ స్కాలర్‌షిప్ పోర్టల్ల. పిల్లలు చిన్నోళ్ళయితే వాళ్ళ వాటా పైసలు తల్లి గార్డియన్‌గ ఉన్న ఖాతాల వేయండి. మైనర్ పేరు మీది భూమి అమ్మాలంటే కోర్టు పర్మిషన్ కావాలె, ఎవరన్న "అవసరం లేదు" అంటే నమ్మకండి.

ఫైలు ఆగితే

ముందుగల్ల నోటితోని అడగండి, తర్వాత రాతల. అప్పటికీ కదలకపోతే 10 రూపాయల ఫీజుతోని సమాచార హక్కు అర్జ్ వేయండి: "నా ఫలానా తేదీ అర్జ్ ఇప్పుడు ఎవరి టేబుల్ మీద ఉంది, ఏ తేదీ నుంచి ఉంది." ఇంతే అడగండి, పొడుగు కథ రాయకండి, 30 దినాలల్ల జవాబు రావాలె. వకీలుకు పైసలు లేవని ఆగకండి, ఆడోళ్ళకు, ఎస్సీ ఎస్టీలకు లీగల్ సర్వీసెస్ అథారిటీ వకీలును ఉచితంగ ఇస్తది, సంపాదన ఎంతున్నా సరే, నంబర్ 15100. మధ్యల "నేను చేపిస్త, ఇంత ఇయ్యండి" అనేటోడు ప్రతి ఆఫీసు గేటు కాడ ఉంటడు. మా దగ్గర ఒకడు పదిహేను వేలు తీస్కోని మళ్ళ కనపడలే.

పెన్షన్ మొదలైనంక ప్రతి నవంబర్ల బతికున్నట్టు హయాతీ దాఖలా ఇయ్యాలె, ఫోన్ల జీవన్ ప్రమాణ్‌తోని కూడ అయితది, మర్చిపోతే పెన్షన్ ఆగుతది. పూర్తి జీతం వస్తున్నోళ్ళు ఆయనకు 58 ఏండ్లు నిండే తేదీని క్యాలెండర్ మీద కాదు, ఆ జీతం ఆర్డర్ కాగితం వెనుక పెన్నుతోని రాసిపెట్టుకోండి, దానికి ఆరు నెలల ముందే పెన్షన్‌కు మార్చే అర్జ్ పెట్టాలె.